బైపీసీ అమ్మాయి మెదడు మీద సినిమాలు తీస్తానంటోంది

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ సెకండియర్, బైపీసీ. నీట్ కోచింగ్ మధ్యలో ఉండగా, డాక్టర్ చదువు వద్దు, మెదడు ఎలా పనిచేస్తుందో ప్రయోగాత్మక సినిమాలు తీస్తానంటోంది. అలాంటి దారి ఉందా? ఇంట్లో అందరికీ టెన్షన్‌గా ఉంది.
– ఒక తండ్రి, గుంటూరు

జవాబు: ఉందండీ, అదీ పాత దారే. మెదడు ఎలా పనిచేస్తుందో పరిశోధించిన శాస్త్రవేత్త పావ్‌లోవ్ ప్రయోగాల మీద రష్యా దర్శకుడు పుడోవ్‌కిన్ ‘మెకానిక్స్ ఆఫ్ ది బ్రెయిన్’ తీసింది 1926లో. 1966లో అమెరికాలో టోనీ కాన్రాడ్ ‘ది ఫ్లికర్’ తీశారు. అరగంట సినిమాలో కథ లేదు, మనుషుల్లేరు. నలుపు, తెలుపు ఫ్రేములు గబగబా మారుతుంటాయి, అంతే. అయినా చాలామందికి రంగులు, ఆకారాలు కనబడతాయి. తెర మీద లేని ఆ రంగులు చూసేవాళ్ల కళ్లూ మెదడూ కలిసి పుట్టించుకున్నవి. ఇలా గబగబా వెలిగి ఆరే వెలుగు కొందరికి ఫిట్స్ తెప్పించవచ్చు కాబట్టి సినిమా మొదట్లోనే హెచ్చరిక వేశారు. సైన్స్ తెలియకుండా ఈ పనిలోకి దిగకూడదని నేననేది అందుకే.

కాబట్టి నీట్ కోసం బలవంతపెట్టకండి, కానీ సైన్స్‌ని వదలనివ్వకండి. సైకాలజీ ఉన్న డిగ్రీలో చేరనివ్వండి. పుణె ఎఫ్‌టీఐఐ (ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్)లో, కోల్‌కతా సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్‌లో మూడేళ్ల సినిమా కోర్సులకు ఎలాగూ డిగ్రీ ఉండాలి. అప్పటికి మనసు సైన్స్ వైపే మొగ్గితే ఐఐటీ గాంధీనగర్‌లో కాగ్నిటివ్ సైన్స్, అంటే మెదడు, ఆలోచన ఎలా పనిచేస్తాయో చదివే ఎమ్మెస్సీ ఉంది. బొమ్మలు బాగా వేస్తుందా? అయితే అహ్మదాబాద్ ఎన్‌ఐడీ (నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ డిజైన్)లో ఇంటర్ అవగానే యానిమేషన్ చదవొచ్చు.

డబ్బు సంగతి దాచను. ప్రయోగాత్మక సినిమా ఒక్కటే ఇల్లు గడవనివ్వదు. ఎడిటింగ్, యానిమేషన్ చేతికొస్తే సైన్స్ డాక్యుమెంటరీలు, మెడికల్ కాలేజీల పాఠాల వీడియోలు లాంటి పనులు దొరుకుతాయి. సొంత సినిమాలు వాటి పక్కనే సాగాలి.

ఇవన్నీ తేల్చేలోపు ఆమెను ఫోన్‌తో రెండు నిమిషాల సినిమా తీయమనండి, కంటిలో చూపులేని చోటు మీద. కంటి నుంచి నరం బయటికి వెళ్లే చోట మనకు చూపుండదు, ఆ ఖాళీని మెదడే పూడుస్తుంది. ఇంటర్ జువాలజీ చదివే పిల్లకు ఇది కొత్త కాదు. సినిమా మొదట్లో తెర మీద ఎడమవైపు ఇంటూ గుర్తు, దానికి కుడివైపు ఎనిమిది సెంటీమీటర్ల దూరంలో నల్లచుక్క. ఎడమ కన్ను మూసి, ఇంటూ గుర్తునే చూస్తూ తెరను ముందుకీ వెనక్కీ జరిపితే ఒకచోట చుక్క మాయమవుతుంది. అక్కడి నుంచి ఏం చూపిస్తుందో ఆమె ఇష్టం. మొదట మీరే చూడండి, చుక్క ఎక్కడ మాయమైందో ఆమెకు చెప్పండి.