జగిత్యాల నుంచి పట్నం వచ్చిన బిడ్డకు

బిడ్డా,

పట్నంలో గది దొరికిందనీ, పిల్లలిద్దరినీ బడిలో వేయబోతున్నావనీ మీ అమ్మ చెప్పింది. దుబాయి నుంచి అల్లుడి శవపేటిక వచ్చి నలభై రోజులైనా కాలేదు. కాగితాలకు గడువులుంటాయి కాబట్టి ముందు వాటి సంగతి చెప్తా. పిల్లల సంగతి అంతకన్నా పెద్దది, దాన్ని నెమ్మదిగా చదువు.

ఒక ఫోల్డర్ కొని అందులో అక్కడి మరణ పత్రం, దాని ఇంగ్లీషు అనువాదం, మన కాన్సులేట్ ఇచ్చిన నమోదు పత్రం, రద్దు చేసిన పాస్‌పోర్టు, వీసా కాపీ, కంపెనీ ఒప్పందం, పాస్‌బుక్కు, అందరి ఆధార్ కార్డులు పెట్టు. ఒక్కోటి పదేసి జిరాక్సులు తీయించు. అసలు కాగితం ఏ కౌంటర్లోనూ వదలకు, చూపించి వెనక్కి తీసుకో. కుటుంబ సభ్యుల ధ్రువపత్రానికి మీ సేవలో అర్జీ పెట్టు. విచారణ మన ఊళ్లోనే జరుగుతుంది కాబట్టి ఆ వారం ఇక్కడ ఉండేలా చూసుకో.

అర్జీలు ఎక్కువగా ఆగేది పేరు దగ్గరే. పాస్‌పోర్టులో ఇంటిపేరు పూర్తిగా ఉంటుంది, ఆధార్‌లో ఒక్క అక్షరమే ఉంటుంది, పాస్‌బుక్కులో ఇంకో తీరు. బ్యాంకువాళ్లు ఇద్దరు వేరు మనుషులంటారు. ఆ పేర్లన్నీ ఒకే మనిషివని నోటరీ దగ్గర ముందే అఫిడవిట్ చేయించుకుంటే రెండోసారి తిరగక్కర్లేదు.

పాస్‌బుక్కులో మే, జూన్ నెలలు చూడు. 436 రూపాయలు కట్ అయి ఉంటే అది జీవన్ జ్యోతి బీమా, జబ్బుతో పోయినా 2 లక్షలు వస్తాయి. 20 రూపాయలైతే సురక్ష బీమా, ప్రమాదమైతేనే 2 లక్షలు. ఎమిగ్రేషన్ క్లియరెన్స్ (విదేశంలో పనికి పోవడానికి సర్కారు అనుమతి) తీసుకొని పోయినవాళ్లకు ప్రవాసీ భారతీయ బీమా 10 లక్షలు ఉంటుంది, అదీ ప్రమాదానికే, గడువు రెండు మూడేళ్లే. మరణ పత్రంలో గుండె ఆగిందని రాసి ఉంటే ప్రమాద బీమాలు ఇప్పిస్తానన్న ఏజెంటుకు రూపాయి ఇవ్వకు. రాష్ట్ర ప్రభుత్వమిచ్చే 5 లక్షల గల్ఫ్ సాయానికి అర్జీ మన కలెక్టరేట్‌లోనే, ఆరు నెలలు దాటనివ్వకు. అల్లుడి ఏటీఎం కార్డుతో మాత్రం డబ్బు తీయకు, తర్వాత క్లెయిమ్‌లో అదే చిక్కవుతుంది.

కంపెనీ నుంచి రావాల్సింది వేరే ఉంది. ఏడాది దాటి పని చేస్తే, మొదటి ఐదేళ్లకు ఏడాదికి 21 రోజుల మూల జీతం చొప్పున గ్రాట్యుటీ ఇవ్వాలి. మొత్తం జీతం కాదు, మూల జీతం మీదే లెక్క. ఎన్ని ఏళ్లు, ఎంత జీతం, ఎన్ని దిర్హాములని అంకెలు రాయని సెటిల్‌మెంట్ కాగితం మీద సంతకం పెట్టకు. జవాబు రాకుంటే విదేశాంగ శాఖ మదద్ పోర్టల్‌లో ఫిర్యాదు పెట్టు.

అప్పులోళ్లు ఇంటికొస్తారు. నోటు చూడకుండా, తారీఖు చదవకుండా ఒప్పుకోకు. అల్లుడి నుంచి మీకు వచ్చిన ఆస్తి మేరకే బాధ్యత, నీ కూలి డబ్బు మీద కాదు.

ఊరి రేషన్ కార్డు రద్దు చేయించకు, పట్నంలో ఏ దుకాణంలోనైనా వేలిముద్ర వేసి బియ్యం తెచ్చుకోవచ్చు. టీసీ ఆలస్యమైందని సర్కారు బడిలో ఎనిమిదో తరగతి దాకా పిల్లల్ని చేర్చుకోమంటే అది చట్టానికి విరుద్ధం, గట్టిగా అడుగు.

ఇక పిల్లలు. చిన్నోడికి నాన్నంటే ఫోన్‌లో కనబడే మనిషి. అందుకే 'నాన్న దూరం పోయిండు' అంటే వాడికి దుబాయి పోయినట్టే, సెలవుకు వస్తాడని కాచుక్కూర్చుంటాడు. 'నాన్న చనిపోయాడు, ఇక ఫోన్ చేయడు, ఇంటికి రాడు' అని ఆ మాటలతోనే చెప్పు. పదిసార్లు అడుగుతాడు, పదిసార్లూ అదే చెప్పు. పెద్దమ్మాయి అడగదు, నీ ముఖం చూసి ఊకుంటుంది. అన్నం వండి తమ్ముణ్ని చూసుకుంటుంటే బుద్ధి వచ్చిందనుకుంటాం, కానీ ఆ దుఃఖమే కడుపునొప్పై, బడికి పోననే మొండితనమై బయటికొస్తుంది. రోజూ ఒక గంట దానికి ఏ పనీ చెప్పకు. టీచరుకు మొదటిరోజే విషయం చెప్పు, లేకపోతే నాన్న సంతకం తెమ్మని పిల్లను నలుగురిలో నిలబెడతారు.

నీకూ ఒకటి చెప్పాలి బిడ్డా. అల్లుడు ఇంట్లో లేకపోవడం నీకు అలవాటే, అందుకే కొన్నాళ్లు ఏమీ మారనట్టు ఉంటుంది. ఫోన్ వచ్చే వేళకు, డబ్బు పంపే తారీఖుకు, సెలవుకొస్తానన్న నెలకు గుండె పగులుతుంది. ఆ తారీఖులు క్యాలెండర్‌లో గుర్తుపెట్టి, ఆ పూట పక్కన ఎవరో ఒకరు ఉండేలా చూసుకో. వాట్సాప్‌లో అల్లుడి గొంతు ఉన్న మెసేజ్‌లు మెమరీ కార్డులోకి, మీ తమ్ముడి ఫోన్‌లోకి ఎక్కించు. ఇప్పుడు వినలేకపోయినా దాచు, ఫోన్ పాడైతే మళ్లీ దొరకవు. నిద్ర, తిండి రెండు వారాలైనా దారికి రాకపోతే, బతకాలనిపించకపోతే, వెంటనే 14416కు చెయ్యి. టెలీ మానస్ అంటారు, తెలుగులోనే మాట్లాడతారు, పైసా ఖర్చు లేదు.

పెత్రమాసకు తప్పకుండా రా. ఆనాడే ఎంగిలిపూల బతుకమ్మ. ముండమోసిందని ఎవరైనా గొణిగినా పిల్ల చేత బతుకమ్మ పేర్పిద్దాం, నువ్వూ ఆడు. హైదరాబాద్ జూబ్లీ బస్‌స్టేషన్‌లో ఆ పూట జనంతో అడుగు పెట్టలేం, ముందురోజు పొద్దున్నే ఎక్స్‌ప్రెస్ ఎక్కు. ఆధార్ చూపించి ఆడోళ్లకిచ్చే ఉచిత జీరో టికెట్ తీసుకో. తంగేడు, గునుగు ఇక్కడ చేను గట్ల మీదే ఉంటాయి, కొనుక్కురాకు.

మీ పెద్దమ్మ