గంధరాజానికి ముందు నీళ్లు, తర్వాతే ఎరువు

ప్రశ్న: మేడ మీద 12 అంగుళాల సిమెంటు కుండీలో గంధరాజం ఉంది. కొత్త చిగుళ్లు పసుపుపచ్చగా వస్తున్నాయి, ఈనెలు మాత్రం ఆకుపచ్చగానే ఉన్నాయి. పోసేది బోరు నీళ్లు. నెలనెలా వర్మీకంపోస్టు, ఎముకల పొడి వేస్తున్నాం. ఇంకేం ఎరువు వేయమంటారు?
– పాఠకురాలు, హైదరాబాద్

జవాబు: మీ మొక్కకు తిండి తక్కువ కాలేదండీ, పెట్టింది ఒంటపట్టడం లేదు. నత్రజని చాలకపోతే ముందు కింది ముదురాకులు మొత్తంగా పసుపెక్కుతాయి. లేతాకుల్లో ఈనెలు మాత్రమే ఆకుపచ్చగా మిగిలాయంటే అది ఇనుము లోపం. మట్టిలో ఇనుము లేక కాదు. గంధరాజానికీ నూరువరహాలకూ మట్టి పీహెచ్ (పులుపు ఎంతుందో చెప్పే కొలత, 7 కంటే తగ్గేకొద్దీ పులుపు ఎక్కువ) 5 నుంచి 6 మధ్య ఉండాలి. 7 దాటితే ఇనుము వేళ్లు పీల్చుకోలేని రూపంలోకి మారిపోతుంది. బోరు నీళ్లలోని బైకార్బొనేట్లనే లవణాలు పీహెచ్‌ను అలా పెంచేస్తాయి. పైగా సిమెంటు కుండీ నుంచి సున్నం దిగుతుంది, ఎముకల పొడితో కాల్షియం, భాస్వరం చేరతాయి. కుండీ అంచున తెల్లటి పొర కట్టిందేమో చూడండి.

ముందు ఎముకల పొడి ఆపండి. బూడిద, గుడ్డు పెంకులు కూడా ఈ మొక్క దరికి రానివ్వకండి. వానలు పడ్డాక ప్లాస్టిక్ లేదా మట్టి కుండీలోకి మార్చండి: రెండు పాళ్లు కోకోపీట్, ఒక పాలు ఎర్రమట్టి, ఒక పాలు వర్మీకంపోస్టు, గుప్పెడు వేప పిండి. వాన నీళ్లు, ఏసీ నుంచి కారే నీళ్లు పట్టి పోస్తే అంతకు మించింది లేదు. అవి లేకపోతే 10 లీటర్ల బోరు నీళ్లలో 3 గ్రాముల నిమ్మ ఉప్పు (సిట్రిక్ యాసిడ్) కలిపి, పీహెచ్ కాగితం ముంచి చూడండి. 6 దగ్గర ఆగాలి. మట్టిలోని సూక్ష్మజీవులు నిమ్మ ఉప్పును తినేస్తాయి కాబట్టి దీని ప్రభావం కొన్నాళ్లే. ఆర్వో యంత్రం వదిలే నీళ్లు మాత్రం వద్దు, వాటిలో లవణాలు ఇంకా చిక్కగా ఉంటాయి.

ఆకులు త్వరగా తేరుకోవాలంటే లీటరు నీటిలో ముందు 1 గ్రాము నిమ్మ ఉప్పు, తర్వాత 3 గ్రాముల అన్నభేది (ఫెర్రస్ సల్ఫేట్) కరిగించి, సాయంత్రం ఆకుల రెండు వైపులా పిచికారీ చేయండి. వారానికొకసారి చొప్పున మూడుసార్లు చాలు. పల్లెల్లో వేరుశనగకు లీటరుకు 5 గ్రాములు కొడతారు గానీ, కుండీ మొక్క లేతాకు ఆ మోతాదుకు మాడవచ్చు. అన్నభేది లేత ఆకుపచ్చ పలుకుల్లా ఉండాలి, తుప్పు రంగు తిరిగిందైతే కొనకండి. ఏ పూటకాపూట కలుపుకోండి. నేల మీద పడితే మరక వదలదు. చుక్క పడిన చోటే ఆకుపచ్చ మచ్చలు కనిపిస్తే కంగారు పడకండి, ఇనుము ఆకులో ఒకచోటు నుంచి మరోచోటుకు పెద్దగా కదలదు.

మట్టిలో పోయడానికైతే ఈడీడీహెచ్‌ఏ రకం ఇనుము (సున్నపు మట్టిలోనూ వేళ్లకు అందే రూపం) కొనండి, ఖరీదైనా సరే. 2 గ్రాములు లీటరు నీటిలో కలిపితే ముదురు ఎరుపు రంగు వస్తుంది. చవకగా దొరికే ఈడీటీఏ రకం సున్నపు మట్టిలో నిలవదు, దాన్ని ఆకుల మీదికే వాడండి.

చిగురు పచ్చబడ్డాకే ఎరువు. 15 రోజులకోసారి అమ్మోనియం సల్ఫేట్ లీటరుకు 2 గ్రాములు, మరో విడత 19-19-19 (నత్రజని, భాస్వరం, పొటాష్ సమపాళ్లలో ఉన్న ఎరువు) లీటరుకు 1 గ్రాము. కుండీకి లీటరు ద్రావణం చాలు. పొడి మట్టిలో పోస్తే వేళ్లు కాలతాయి, ముందు తడపండి. ఎండలు ముదిరిన మే నెలలో మానేయండి.

ప్రశ్న: నూరువరహాలకు వాడేసిన కాఫీ పొడి వేస్తే మట్టి పులుపెక్కుతుందంటున్నారు. నిజమేనా?
– పాఠకుడు, కర్నూలు

జవాబు: పులుపంతా డికాక్షన్‌తో మీ కప్పులోకి వచ్చేసింది. పిప్పిలో మిగిలేది చాలా తక్కువ. మందంగా పరిస్తే అట్టకట్టి నీరు దిగనివ్వదు, కంపోస్టులో కలపండి. నిజంగా పీహెచ్ దించాలంటే 12 అంగుళాల కుండీకి ఒక చెంచా గంధకం పొడి పైమట్టిలో కలిపి తడపండి. బ్యాక్టీరియా దాన్ని ఆమ్లంగా మార్చాలి, నెలన్నర రెండు నెలలు పడుతుంది. ఈలోపు తొందరపడి రెండో చెంచా వేయకండి.

ప్రశ్న: నీలంగా పూసిన హైడ్రాంజియా ఈ ఏడు గులాబీ రంగులో పూసింది. రకం మారిందా?
– పాఠకురాలు, బెంగళూరు

జవాబు: రకం అదే, అల్యూమినియం అందడం లేదు. మొగ్గ కనిపించక ముందు నుంచే, 15 రోజులకోసారి లీటరు నీటిలో 4 గ్రాముల పటిక కరిగించి పోయండి. భాస్వరం ఎక్కువున్న ఎరువు ఆపండి, అది అల్యూమినియాన్ని పట్టేసుకుంటుంది. ఇప్పుడు విచ్చిన పూలు మారవు, తెల్ల రకాలైతే ఎన్నటికీ నీలం కావు.