‘ఇప్పటికి సరే అనేయ్’ అంటోంది అమ్మ

ప్రశ్న: నాకు 27 ఏళ్లు, మాది తెనాలి. పత్రికలకూ వెబ్‌సైట్లకూ సంగీతోత్సవాల ఫొటోలు తీసి, రిపోర్టు కూడా నేనే రాసిస్తాను. డిసెంబరులో చెన్నై సభలు, తర్వాత తిరువయ్యారులో త్యాగరాజ ఆరాధన, మిగతా ఏడాదంతా హైదరాబాద్, బెంగళూరుల్లో బ్యాండ్ షోలు. డబ్బులు నెలల తరబడి రావు. ఈమధ్య మంచి సంబంధం వచ్చింది, అబ్బాయి నచ్చాడు. పెళ్లయ్యాక రాత్రిళ్లు తిరగడం కుదరదని వాళ్లమ్మగారు అన్నారట. ‘ఇప్పటికి సరే అనేయ్, తర్వాత చూసుకోవచ్చు’ అంటోంది అమ్మ. అన్నట్టు, మొన్న షో అయ్యాక రెండు రోజులు చెవుల్లో ఒకటే హోరు.

జవాబు: మీరు చివర్లో అన్నట్టు అని వదిలేసిన చెవుల సంగతే నన్ను ఎక్కువ కంగారుపెట్టింది. లోచెవిలో శబ్దాన్ని అందుకునే సన్నటి రోమకణాలు ఒకసారి పోతే మళ్లీ పుట్టవు. 85 డెసిబెల్స్ శబ్దం దగ్గర 8 గంటలు ఉండొచ్చు గానీ, 100 దగ్గర 15 నిమిషాలే హద్దు. స్టేజీ ముందు ఫొటోగ్రాఫర్లను చాలాచోట్ల మొదటి మూడు పాటల వరకే ఉండనిస్తారు కదా, స్పీకర్ల పక్కన ఆ మూడు పాటలకే ఆ హద్దు అయిపోతుంది. ఈ వారమే ఈఎన్‌టీ డాక్టరును కలిసి ఆడియోమెట్రీ (వినికిడి పరీక్ష) చేయించుకోండి. ఇకమీదట ఇయర్‌ప్లగ్స్ లేకుండా స్టేజీ దగ్గరికి వెళ్లొద్దు.

ఇక పెళ్లి. వాళ్లమ్మగారు ఏమన్నారో రాశారు. మరి అబ్బాయి ఏమన్నాడు? ఉత్తరంలో అది లేదు. నేరుగా అతనితోనే మాట్లాడండి. మీ ఏడాది పనిని క్యాలెండర్ మీద గుర్తుపెట్టి చూపించండి. చెన్నై సభల్లో ఆఖరి కచేరీ రాత్రి తొమ్మిదిన్నర ప్రాంతానికి ముగుస్తుంది. ఆరాధన ఎటూ పుష్య బహుళ పంచమికే, త్యాగరాజ పంచరత్న కీర్తనలు పాడేది పొద్దుటిపూట. బాగా పొద్దుపోయేది బ్యాండ్ షోలకే. వాటిలో కొన్ని తగ్గించుకోవాలని మీకే అనిపిస్తే తగ్గించుకోండి, చెవులకూ మంచిది. అంతేగానీ ఒకరి షరతుకు తలూపి కాదు. ఇప్పుడు ‘సరే’ అంటే, మొదటి డిసెంబరుకే ‘ఒప్పుకునే వచ్చావుగా’ అంటారు. అప్పుడు తప్పు మీదే అవుతుంది.

అమ్మ భయం సగం మీ డబ్బు గురించే అయివుంటుంది, అది న్యాయమే. చిన్న వ్యాపారాలను ప్రభుత్వం దగ్గర నమోదు చేసే ఉద్యమ్ రిజిస్ట్రేషన్ ఉచితం, చేయించుకోండి. అప్పుడు గడువు ఎంతని ఒప్పుకున్నా, మీతో పని చేయించుకున్నవాళ్లు 45 రోజులు దాటకుండా చెల్లించాలని చట్టం చెబుతోంది. ఇంకొకటి. డబ్బిచ్చి తీయించుకున్న ఫొటో మీద, వేరే ఒప్పందం లేకపోతే, 1957 కాపీరైట్ చట్టం ప్రకారం హక్కు తీయించుకున్నవాళ్లదే. కాబట్టి హక్కులు ఎవరివో ముందే రాతపూర్వకంగా తేల్చుకోండి.

ఆరాధనలో ఆడవాళ్లను పాడనివ్వని రోజుల్లో గాయని బెంగళూరు నాగరత్నమ్మగారు తన సొత్తు పెట్టి త్యాగరాజస్వామి సమాధికి గుడి కట్టించారు, ఆడవాళ్లతో విడిగా ఆరాధన జరిపించారు. మీరు ఏటా కెమెరాతో వెళ్తున్నది అక్కడికే. ఈ సంగతి అమ్మకు చెప్పండి, వీలైతే ఈసారి ఆవిడనూ వెంట తీసుకెళ్లండి. అబ్బాయి తన నోటితో జవాబు చెప్పేదాకా మాత్రం తాంబూలాలు మార్చుకోవద్దని నాన్నగారికి గట్టిగా చెప్పండి.