త్రేన్పు వచ్చింది సరే, మెట్లెక్కితే నొప్పి ఎందుకు?

ప్రశ్న: మా అబ్బాయి ఇంట్లోనే సోడా చేసుకునే మెషీను కొన్నాడు. మామూలు నీటిలోకి అది గ్యాస్ ఎలా ఎక్కిస్తుంది? ఆ గ్యాస్ ఒంట్లో ఉండిపోతుందా? సోడా తాగితే ఎముకలు గుల్లబారతాయంటున్నారు, నిజమేనా? నాకు 54 ఏళ్లు. షుగర్, బీపీ ఉన్నాయి. రెండు నెలలుగా గబగబా నడిచినా, మెట్లెక్కినా ఛాతీలో గ్యాస్ పట్టేసినట్టు ఉంటోంది. కాసేపు కూర్చుని గ్లాసు సోడా తాగితే త్రేన్పులు వచ్చి తగ్గిపోతోంది. రోజూ పరగడుపున గ్యాస్ మాత్ర కూడా వేసుకుంటున్నాను. రోజుకు ఎన్ని గ్లాసుల సోడా తాగవచ్చు?
- ఒక పాఠకుడు, ఏలూరు

జవాబు: మీరు అడిగినవన్నీ సోడా గురించే. నేను మాత్రం మెట్ల దగ్గరే ఆగిపోయాను. శ్రమపడితే రావడం, కూర్చుంటే తగ్గడం అన్నది గ్యాస్ కన్నా గుండె రక్తనాళాలు ఇరుకైనప్పుడు వచ్చే నొప్పికి దగ్గరగా ఉంది. మిమ్మల్ని పరీక్షించకుండా ఇది గుండె నొప్పే అనలేను. కాదని అసలే అనలేను. షుగర్ ఉన్నవారిలో గుండె నొప్పి నొప్పిలా కాకుండా బరువుగా, ఆయాసంగా, అజీర్తిలా కనిపించడం మాకు కొత్త కాదు.

మీకు తగ్గుతున్నది సోడా తాగినందుకా, కూర్చున్నందుకా? నా అనుమానం రెండోదాని మీదే. ఇంట్లో పరీక్షించి చూడకండి, అది మా పని.

ఇక మెషీను. దాని సిలిండరులో సాధారణంగా 400 గ్రాములకు కాస్త పైగా కార్బన్ డయాక్సైడ్ ఒత్తిడికి ద్రవంగా మారి ఉంటుంది. మీట నొక్కగానే అది గ్యాస్‌గా సన్నని గొట్టం గుండా సీసాలోకి దూసుకొస్తుంది. సీసా బిగించి ఉంటుంది కనుక ఆ ఒత్తిడికి కొంత నీటిలో కరుగుతుంది, ఎక్కువైనది వాల్వు గుండా బుస్సుమని పోతుంది. ఫ్రిజ్ నీళ్లే పోయమనడానికి కారణం ఉంది. 25 డిగ్రీల నీటితో పోలిస్తే సున్నా దగ్గర రెట్టింపుకు పైగా గ్యాస్ కరుగుతుంది. అందులో కొద్ది భాగం కార్బానిక్ ఆమ్లమవుతుంది, నాలుక మీద ఆ చురుకు దానివల్లే. గ్యాస్ ఎక్కించినంత మాత్రాన నీరు శుద్ధి కాదు, కాబట్టి తాగే నీళ్లే పోయండి.

ఇప్పుడు మీ త్రేన్పు సంగతి. లీటరు సోడాలో 6 గ్రాముల గ్యాస్ ఉందనుకుందాం. ఒంటి వేడికి అది మూడు లీటర్లకు పైగా వ్యాపిస్తుంది. గ్లాసులో పోసేటప్పుడు కొంత పోయినా, మిగిలినది పొట్టలో విడుదలై పైకి తన్నుతుంది. అంటే మీరు హాయిగా బయటికి వదులుతున్నది చాలావరకు నిమిషం క్రితం తాగిన గ్యాసే! జబ్బేమీ బయటికి పోలేదు. పైగా పొట్ట ఉబ్బినప్పుడు అన్నవాహిక అడుగున ఉండే కవాటం కాస్త సడలి, కొందరిలో మంట పెరగవచ్చు కూడా.

పేగుల నుంచి రక్తంలోకి చేరిన కాస్త గ్యాస్ ఊపిరితో పోతుంది. మన ఒళ్లే విశ్రాంతిగా ఉన్నప్పుడు నిమిషానికి దాదాపు 200 మిల్లీలీటర్ల కార్బన్ డయాక్సైడ్ తయారుచేస్తుంది, దాని ముందు ఇదెంత? ఎముకల భయం కోలాలు ఎక్కువగా తాగే స్త్రీల విషయంలో వచ్చింది, ఉత్త సోడాకు అంటగట్టనక్కరలేదు. బీపీ ఉంది కనుక సోడాలో ఉప్పు మాత్రం కలపకండి. దుకాణాల్లో దొరికే, నీటిలో పొంగే గ్యాస్ పొడుల్లో చాలావాటిలో సోడియం ఉంటుంది, అవీ మీకు అలవాటు కాకూడదు.

నాకు అసలు కోపం గ్యాస్ మాత్ర మీద. ఎవరు రాశారు? ఎన్నాళ్లకు రాశారు? మీరు చెప్పలేదు. మందుల దుకాణంలో అడిగి తెచ్చుకున్నారేమో. పాంటాప్రజోల్, ఒమెప్రజోల్ లాంటివి మంచి మందులే. కానీ అడిగేవారు లేకుండా ఏళ్ల తరబడి మింగితే బీ12 తగ్గవచ్చు. షుగర్‌కు మెట్‌ఫార్మిన్ వాడుతుంటే అదీ తగ్గిస్తుంది. అంతకన్నా పెద్ద నష్టం, మాత్ర వేసుకున్నామన్న ధీమాతో రోజులు గడిపేయడం. రాత్రి ఛాతీ పట్టేస్తే వాము నమిలి, సోడా తాగి, గ్యాసే కదా అనుకుని తెల్లారాక వచ్చినవారిని నేను చాలామందిని చూశాను. మూసుకుపోయిన రక్తనాళాన్ని తొలి గంటల్లో తెరిస్తే దక్కే గుండె కండరం, తెల్లవారేసరికి దక్కదు.

ఈ వారం అని కాదు, రేపే ఫిజీషియన్‌నో గుండె డాక్టరునో కలవండి. ఈసీజీ బాగుందని అక్కడితో ఆగవద్దు. కూర్చుని ఉన్నప్పుడు తీసిన ఈసీజీ మామూలుగా ఉండి కూడా రక్తనాళాల్లో అడ్డు ఉండవచ్చు. ఎకో, ట్రెడ్‌మిల్ పరీక్షలు అవసరమా అన్నది మిమ్మల్ని చూసిన డాక్టరు చెబుతారు. ఈలోగా కూర్చున్నా తగ్గకపోతే, చెమటలు పట్టినా, నొప్పి దవడకో చేతికో పాకినా సోడా కోసం వెతకకుండా 108కి ఫోను చేయండి. మీరే బండి నడుపుకుంటూ వెళ్లవద్దు. మలం నల్లగా వచ్చినా, మింగడం కష్టమైనా, బరువు తగ్గుతున్నా ఎండోస్కోపీ అవసరం కావచ్చు, అదీ చెప్పండి.

ఎన్ని గ్లాసులంటారా? గుండె సంగతి తేలేవరకు, ఛాతీలో ఇబ్బందికి మందుగా ఒక్కటి కూడా వద్దు. మెషీను అబ్బాయి వాడుకోనివ్వండి, సిలిండరును పొయ్యి పక్కన, ఎండలో నిలిపిన కారులో ఉంచవద్దని చెప్పండి. డాక్టరు దగ్గరికి వెళ్లేటప్పుడు మీరు వేసుకుంటున్న మాత్రల అట్టలన్నీ సంచిలో వేసుకెళ్లండి. 'తెల్ల మాత్ర, చిన్న మాత్ర' అంటే మాకు అర్థం కాదు.