పాపారాయుడి వేషం గురించి రాస్తున్న తమ్ముడికి

విజయనగరం

చిరంజీవి తమ్ముడికి ఆశీస్సులు.

బొబ్బిలి వీరుడు తాండ్ర పాపారాయుడి వేషం కట్టిన నటుడి మీద నువ్వు రాస్తున్న పుస్తకం రాతప్రతి చదివాను. మొదటి పేజీలోనే మీ నటుడికి ‘కళామతల్లి ముద్దుబిడ్డ’, ‘నటసింహం’ అని బిరుదులు తగిలించావు. శాలువాలు కప్పేవాళ్లు ఆ పని ఎలాగూ చేస్తారు. నువ్వు వేషం సంగతి రాయి.

పాపారాయుడి పాత్రను రెండు వాక్యాల్లో తేల్చేశావు. అసలు పుస్తకమంతా అక్కడే ఉంది నాయనా! 1757 జనవరి 24న బొబ్బిలి కోట కూలింది. రాజాంలో ఉన్న పాపారాయుడు వచ్చేసరికి అంతా అయిపోయింది. తర్వాత, కోట మీదికి దండెత్తి వచ్చిన విజయనగరం రాజు విజయరామరాజు డేరాలోకి చొరబడి ఆయన్ను పొడిచి చంపాడు. బొబ్బిలిలో ఆ ఘట్టానికి ఈలలు పడతాయి. మరి విజయనగరంలో? చనిపోయింది ఈ ఊరి రాజు. ఆయన చెల్లెలే పైడితల్లి అని నమ్మి కొలిచే ఊరిది. అదే కత్తి, అదే పద్యం ఇక్కడ ఆడినప్పుడు ముందు వరసల్లో ముఖాలు ఎలా ఉండేవో అడిగావా? పద్యం చివర మీ నటుడు రాగం కుదించేవాడా? ఆయన నోటే రాబట్టు. రాకపోతే వదిలెయ్యి, కల్పించకు.

1964లో ‘బొబ్బిలి యుద్ధం’ సినిమాలో ఎస్.వి. రంగారావు ఆ వేషం కట్టాక, ఇక్కడ ఆ మీసం అతికించుకున్న ప్రతివాడినీ జనం ఆయనతో పోల్చారు. మీ నటుడు అనుకరించి ఉంటే ఆ మాటే రాయి, మొహమాటం వద్దు.

సినిమా అధ్యాయంలో తారల పేర్లు తగ్గించు. ఆఖరి బెంచీదాకా పలకాల్సిన గొంతు కెమెరా ముందు ఏమైందో చెప్పు. శ్రీకాకుళం జిల్లా లుకలాం అగ్రహారంలో పుట్టిన జె.వి. సోమయాజులునే చూడు. డిప్యూటీ కలెక్టరు ఉద్యోగం, ‘కన్యాశుల్కం’ నాటకంలో రామప్పపంతులు. తమ్ముడు రమణమూర్తి గిరీశం. అంత వాగుడు పంతులు వేసిన మనిషి 1980లో ‘శంకరాభరణం’ సినిమాలో శంకరశాస్త్రిగా కళ్లతోనే సగం పని నడిపించాడు. మరుసటి ఏడాది త్యాగరాజు వేషం కట్టాడు. రంగస్థలం నుంచి ఏది తెచ్చుకున్నాడో, ఏది గుమ్మం బయట వదిలాడో చూస్తే మీ నటుణ్ని అడగాల్సిన ప్రశ్నలు అవే తోస్తాయి.

అన్నట్టు, మీ నటుడి ఇంట్లో ఉన్న అట్టకత్తి పిడికి చుట్టిన గుడ్డ చెమటకు నల్లబడిపోయిందని ఫోనులో చెప్పావు. ప్రతిలో అది కనబడదేం? సన్మానపత్రాలు మాత్రం నాలుగు పేజీలున్నాయి!

పైడితల్లి సిరిమాను పండగకు వస్తానన్నావుగా, ముందురోజు తొలేళ్లకే వచ్చెయ్యి. డేరా ఘట్టం తిరగరాసి పట్టుకురా.

ఇట్లు
మీ అన్నయ్య