కన్నీటి మరకలు తీస్తామని కన్ను పాడుచేస్తే కేసు వేయొచ్చా?

సందేహం: మాది గుంటూరు. మా షిట్జూ జాతి కుక్కకి కళ్ల కింద ఎర్రటి మరకలు పడుతుంటే విజయవాడలో ఒక గ్రూమింగ్ సెంటర్‌కి తీసుకెళ్లాం. 1,200 రూపాయలు తీసుకుని ఏదో ద్రావణంతో రుద్దారు. ఆ రాత్రి నుంచి అది ఒక కన్ను తెరవలేదు. మర్నాడు పశువైద్యుడు చూసి, కంటి నల్లగుడ్డు పైపొర మీద పుండు పడిందన్నారు. సెంటర్‌వాళ్లను అడిగితే "ఏం జరిగినా మాకు బాధ్యత లేదని సంతకం పెట్టారుగా" అంటున్నారు. మరకలు మళ్లీ రాకుండా తిండిలో కలపమని లేబుల్ లేని డబ్బాలో పొడి కూడా ఇచ్చారు. ఏం చేయాలి?
- ఒక పాఠకురాలు

సలహా: అమ్మా, కేసు వేయొచ్చు. డబ్బు తీసుకుని చేసిన పనిలో నిర్లక్ష్యం వల్ల నష్టం జరిగితే, వినియోగదారుల రక్షణ చట్టం 2019 ప్రకారం అది సేవాలోపమే. ఆ కాగితం చూసి భయపడకండి. గ్రూమింగ్‌లో మామూలుగా ఉండే రిస్కుకి మీరు ఒప్పుకున్నారు తప్ప, వాళ్ల నిర్లక్ష్యానికి కాదని గట్టిగా వాదించవచ్చు.

అసలు కష్టం రుజువు దగ్గర వస్తుంది. షిట్జూలకు కళ్లు ఉబ్బెత్తుగా ఉంటాయి, పుండ్లు తేలిగ్గా పడతాయి. అవతలివాళ్లు "ముందే ఉంది" అంటారు, తప్పకుండా అంటారు. కాబట్టి డాక్టరు గారి చేత పుండు ఎప్పటిది, రసాయనం తగలడం వల్ల పడే అవకాశం ఉందా అనేది రాయించుకోండి. ముందురోజు ఫొటోలు, బిల్లు, వాట్సాప్ మెసేజ్‌లు ఏవీ చెరపకండి. ఆ ద్రావణం పేరేమిటో, ఆ రోజు సీసీటీవీ రికార్డింగ్ దాచి ఉంచమనీ ఇవాళే రాతపూర్వకంగా అడగండి.

గ్రూమింగ్‌వాళ్లు తీసుకోవాల్సిన జాగ్రత్త ఏమిటో కూడా వినియోగదారుల కమిషన్‌కి చెప్పాలి. కన్నీళ్లలోని పోర్ఫిరిన్ అనే పదార్థం వల్ల లేతరంగు బొచ్చు ఎర్రబడుతుంది. కాచి చల్లార్చిన నీళ్లలోనో సెలైన్‌లోనో తడిపిన దూదితో రోజూ తుడిచి, పొడిగా ఆరనిచ్చి, కళ్లలోకి పడే వెంట్రుకలు కత్తిరిస్తే చాలావరకు తగ్గుతుంది. నీళ్లు ఆగకుండా కారుతుంటే కన్నీటి నాళం మూసుకుందేమో, రెప్పవెంట్రుక గుచ్చుకుంటోందేమో డాక్టరు చూడాలి. హైడ్రోజన్ పెరాక్సైడ్ లాంటి బ్లీచింగ్ రసాయనాలు కంటి దగ్గరకే రాకూడదు. వాళ్లు వాడింది అదే అని తేలితే మీ కేసు చాలా బలపడుతుంది.

ముందు నోటీసు పంపి, 15 రోజులు గడువివ్వండి. స్పందించకపోతే గుంటూరులోనే జిల్లా వినియోగదారుల కమిషన్‌లో ఫిర్యాదు వేయండి. మీరు నివసించే చోట వేసే హక్కు ఈ చట్టం ఇచ్చింది, విజయవాడ తిరగక్కర్లేదు. మీరు చెల్లించిన మొత్తం 5 లక్షల లోపు కాబట్టి ఫీజు లేదు. వినియోగదారుల ఫిర్యాదుల కోసం ఉన్న ఈ-జాగృతి పోర్టల్‌లో ఇంట్లోంచే వేయొచ్చు, లాయరు తప్పనిసరి కాదు. ఫిర్యాదు వేయడానికి గడువు రెండేళ్లు. వైద్యం ఖర్చు, కట్టిన 1,200, మానసిక వేదనకు పరిహారం, కేసు ఖర్చులు అడగండి. పోలీసు కేసు మాత్రం నేను సలహా ఇవ్వను. జంతువును గాయపరిచిన నేరానికి ఉద్దేశమో, హాని జరుగుతుందని తెలిసి చేయడమో రుజువు కావాలి. ఇక్కడ కనిపిస్తున్నది నిర్లక్ష్యం.

పొడి వెంటనే ఆపేయండి, పారేయకండి. ఇలాంటి కొన్ని పొడుల్లో టైలోసిన్ అనే యాంటీబయాటిక్ ఉందని 2014లో అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ తయారీదారులకు హెచ్చరిక లేఖలు పంపింది. మన దగ్గర లైసెన్సు లేకుండా మందు అమ్మడం నేరం. డబ్బా డాక్టరుకు చూపించి, అనుమానం ఉందంటే ఔషధ నియంత్రణ శాఖ ఇన్‌స్పెక్టరుకు ఫిర్యాదు ఇవ్వండి.