పురుగుని చంపిందెవరో ముందు తేల్చుకో తల్లీ

తల్లీ,

నువ్వు పంపిన వ్యాసం రెండుసార్లు చదివా, మొదటిసారి బస్సులో ఫోన్‌లో, రెండోసారి ఇంటికొచ్చి ప్రింట్ తీసుకుని పెన్ను పట్టుకుని. పురుగుల్ని చంపే బూజుల గురించి, అవి తయారుచేసే రసాయనాల గురించి తెలుగులో రాద్దామని ఒక పిల్ల కూర్చోవడమే నాకు బోలెడంత సంతోషం, ఎందుకంటే ఈ సబ్జెక్ట్ మీద మామూలు రైతుకి చేతికి దొరికేది చాలావరకు ప్యాకెట్ వెనకాల చిన్నక్షరాల్లో ఉన్న నాలుగు లైన్లే. నువ్వు బాబాయ్ అని పిలిచి మరీ అడిగింది ఎక్కడ తేడా కొడుతోందో చెప్పమని కాబట్టి దాచుకోకుండా చెప్తా.

మొదటి పేరాలోనే "బవేరియా అనే విషం పురుగుని చంపుతుంది" అని రాశావు. నేను అక్కడే ఆగిపోయా. బవేరియా విషం కాదమ్మా, ప్రాణమున్న బూజు. అది తయారుచేసే రసాయనాల్లో బవెరిసిన్ ఒకటి, బాసియానోలైడ్ ఇంకోటి. చెట్టు వేరు, చెట్టు కార్చే జిగురు వేరు కదా, ఇదీ అంతే. తేడా ఏముందిలే, చదివేవాడికి అర్థమైతే చాలు అనుకుంటావేమో, నేనూ ఒకప్పుడు అలాగే అనుకున్నా.

చాలా ఏళ్ల కిందట ఒక పత్రికకి మిరప మీద రాస్తూ "బవేరియా మందు లీటరు నీటికి 5 గ్రాములు కలిపి కొట్టాలి" అని రాసేశా, ఊళ్లో అందరూ అనే మాటే కదా మందు అంటే. కొన్నాళ్లకి ఒక రైతు ఫోన్ చేశాడు, మీరు రాసిన మందు ఏం పనిచెయ్యలేదండీ అని. ఎలా కొట్టారండీ అంటే, మందే కదా అని అదే ట్యాంకులో మాంకోజెబ్ కూడా కలిపి మిట్టమధ్యాహ్నం కొట్టేశాడంట. మాంకోజెబ్ తెగుళ్ల మందు, అంటే బూజుల్ని చంపడానికే పుట్టింది, పైగా ఎండ తగిలితే బవేరియా సిద్ధబీజాలు, అంటే బూజుకి విత్తనాల్లాంటివి, తట్టుకోలేవు, సాయంత్రం చల్లబడ్డాక కొట్టాలి. పాపం ఆయన డబ్బులు పెట్టి కొన్నది ట్యాంకులోనే చచ్చిపోయింది. ఆయన తప్పేం లేదు, నేను మందు అన్నా, ఆయన మందులాగే వాడాడు. బతికున్నది అని ఒక్క మాట రాసి ఉంటే ఆయన కలిపేవాడు కాదు. ఇప్పటికీ ఆ ఫోన్ గుర్తొస్తే మనసు బాగోదు.

అందుకే నువ్వు ఇంకో లైన్ రాసేముందు ఎరువుల షాపుకి వెళ్లి బవేరియా ప్యాకెట్ ఒకటి, మామూలు పురుగుమందు డబ్బా ఒకటి పక్కపక్కన పెట్టి చదువు. డబ్బా మీద మందు ఎంత శాతం అని మాత్రమే ఉంటుంది. బవేరియా ప్యాకెట్ మీద 1.15% డబ్ల్యూపీ (నీళ్లలో కలిపే పొడి) అని శాతంతో పాటు సీఎఫ్‌యూ లెక్క కూడా ఉంటుంది, గ్రాముకి 1×10⁸ అని, అంటే మొలకెత్తి పెరగగలిగినవి గ్రాములో 10 కోట్లు. ఒక దాంట్లో తూకం, ఇంకోదాంట్లో తలకాయల లెక్క. ఈ ఒక్కటి చూపిస్తే చాలు, బూజుకీ రసాయనానికీ తేడా ఏంటో చదివేవాళ్లకి నువ్వు వేరే పాఠం చెప్పక్కర్లేదు.

ఇక మూడో పేజీలో పెద్ద గందరగోళం ఉంది. శిలీంధ్రనాశిని అంటే శిలీంధ్రాన్ని నాశనం చేసేది. నువ్వు మెటరైజియంని కూడా శిలీంధ్రనాశిని అనేశావు, అది శిలీంధ్రమే, నాశనం చేసేది పురుగుని. మళ్లీ ట్రైకోడెర్మా ఉంది చూడు, అదీ శిలీంధ్రమే, కానీ అది అణిచేది వేరే శిలీంధ్రాల్ని కాబట్టి దాన్ని జీవ శిలీంధ్రనాశిని అంటారు. సమాసాలు ఇలాగే ముంచుతాయి, ఎవరు ఎవర్ని నాశనం చేస్తున్నారో పైకి కనపడదు. నన్నడిగితే సమాసం వదిలేసి "పురుగుల్ని పట్టే బూజు" అని రాయి. మనకి పట్టడం అనే క్రియ ఎంత బాగుందో చూడు, రొట్టెకి బూజు పట్టింది, ఇనుముకి తుప్పు పట్టింది, వంకాయకి పురుగు పట్టింది. ఇక్కడ ఆ పురుగుకే బూజు పట్టింది, అంతే. పని జరిగేదీ అలాగే, సిద్ధబీజం పురుగు ఒంటి మీద అతుక్కుంటుంది, మొలకెత్తుతుంది, పైతోలుని కరిగించే ఎంజైములు వదులుతూ లోపలికి తొలుచుకుంటూ పోతుంది, రక్తంలో పెరుగుతుంది, రసాయనాలు చాలావరకు ఆ దశలో రంగంలోకి దిగుతాయి. పురుగు తినక్కర్లేదు, తగిలితే చాలు. చావడానికి కొన్ని రోజులు పడుతుంది, ఇది కూడా రాయి, లేకపోతే మర్నాడు పొద్దున్నే చేలోకెళ్లి చూసి పనిచెయ్యలేదని తిట్టుకుంటారు.

మెటరైజియం తయారుచేసే డెస్ట్రక్సిన్ అనే రసాయనాన్ని "విధ్వంసిని" అని అనువాదం చేశావు, వినడానికి బాగుంది కానీ తీసెయ్. ఆ పేరు వెనక కథ వేరు. 1960ల మొదట్లో జపాన్‌లో దాన్ని వేరుచేసినప్పుడు ఆ బూజు పేరు ఊస్పోరా డెస్ట్రక్టర్, ఇప్పుడు మనం మెటరైజియం అనేదే. బూజు పేరు చివర్ని పట్టుకుని డెస్ట్రక్సిన్ అన్నారు. అంటే ఆ పేరు దాని ఇంటిపేరు, దాని గుణం కాదు. ఇంటిపేరుని ఎవరైనా అనువాదం చేస్తారా? తెలుగు లిపిలో ఉన్నదున్నట్టు రాసి, అది చేసే పనిని మాత్రం తెలుగులో చెప్పు. ఆరు పూసలు గుచ్చి ముడేసిన దండలా ఉంటుంది ఆ అణువు, అందులో అయిదు అమైనో ఆమ్లాలు, ఒకటి వేరే రకం ఆమ్లం. బవెరిసిన్ కూడా ఆరు పూసలదే, కాకపోతే ఒకటి విడిచి ఒకటి మారుతుంటాయి, మూడు అమైనో ఆమ్లాలు, మూడు వేరే రకం ఆమ్లాలు. బాసియానోలైడ్‌కి ఎనిమిది. డెస్ట్రక్సిన్‌ని లార్వాకి ఎక్కిస్తే ముందు ఒళ్లు బిగుసుకుపోతుంది, కండరాల్లోకి కాల్షియం వచ్చిపడటం వల్ల, తర్వాత చచ్చుబడిపోతుంది.

అలాగని "మెటరైజియం డెస్ట్రక్సిన్‌తో పురుగుల్ని చంపుతుంది" అని తీర్పు ఇచ్చెయ్యకు. 2012లో వచ్చిన ఒక పరిశోధనలో డెస్ట్రక్సిన్ తయారుచేసే జన్యువుని పనిచెయ్యకుండా చేసి ఆ బూజుని పురుగుల మీద వదిలారు, దాదాపు ఎప్పట్లాగే చచ్చాయి! మరి చంపిందెవరు? తొలుచుకుంటూ పోయిన బూజా, తిండి లాగేసుకోవడమా, ఇంకో రసాయనమా, ఇవన్నీ కలిసా? "తయారుచేస్తుంది" అనేది ఒక మాట, "దాంతోనే చంపుతుంది" అనేది ఇంకో మాట, మధ్యలో బోలెడన్ని ప్రయోగాలు ఉన్నాయి. నీ వ్యాసంలో ఎక్కడెక్కడ మొదటిది రాయాల్సిన చోట రెండోది రాశావో ఎర్ర పెన్నుతో గీశా, ఏడు చోట్ల ఉంది.

ఇదే కారణంగా నీ యుద్ధం భాష కూడా నాకు నచ్చలేదు, ఆయుధాలు, దాడి, శత్రుసంహారం అంటూ. బవేరియా పట్టి చచ్చిన పురుగు ఒక్కోసారి ఎర్రగా మారుతుంది, ఆ రంగు ఊస్పోరీన్ అనే పదార్థానిది. నువ్వు దాన్నీ ఆయుధాల లిస్టులో వేశావు. కానీ 2017లో ప్రచురించిన పరిశోధన చూస్తే అది పురుగు చచ్చాక ఆ శవం మీద బ్యాక్టీరియా పెరక్కుండా అడ్డుకుంటోంది, అంటే కుళ్లకుండా కాపాడుకుంటోంది, మనం మామిడికాయ ముక్కలకి ఉప్పు పట్టించినట్టు. ఆయుధం అని రాస్తే ఈ విషయం నీకే కనపడదు ఇంక.

బవెరిసిన్ గురించి ఒకటి నువ్వు పూర్తిగా వదిలేశావు. అదే పదార్థాన్ని ఫ్యుజేరియం బూజులు కూడా తయారుచేస్తాయి, మొక్కజొన్న గింజల్లో దొరుకుతుంది. పురుగులో ఉంటే కీటకనాశకం అని మెచ్చుకుంటాం, గింజలో ఉంటే మైకోటాక్సిన్, అంటే బూజు విషం, అని భయపడతాం, పదార్థం అదే. అందుకే "సహజమైనది కాబట్టి హాని లేదు" అన్న నీ చివరి లైన్ కొట్టేశా. అలాగే సైక్లోస్పోరిన్, కిడ్నీ మార్పిడి చేయించుకున్నవాళ్లు వాడే మాత్ర, అది టోలిపోక్లాడియం అనే బూజు నుంచి వచ్చింది, నార్వే మట్టిలో దొరికింది, ఆ బూజు జీవితంలో ఇంకో దశ పెంకుపురుగు లార్వా మీద ఉంటుందని తర్వాత తెలిసింది, దోమ లార్వాల్ని కూడా చంపగలదు. మనం మందు అన్నా విషం అన్నా ఎవరికి, ఎంత అనేది పక్కన లేకపోతే ఆ మాటకి బరువు లేదు.

ఇమామెక్టిన్ బెంజోయేట్ అనే పురుగుమందుని ఈ వ్యాసంలోంచి తీసెయ్. రైతులకి బాగా తెలిసిన పేరు కాబట్టి పెట్టావని అర్థమైంది, కానీ దాని మూలం స్ట్రెప్టోమైసిస్, అది బ్యాక్టీరియా. పేరులో మైసిస్ అంటే గ్రీకులో శిలీంధ్రమనే అర్థం, దారాల్లా పెరుగుతుంది కాబట్టి పాతకాలంలో శిలీంధ్రాల్లో కలిపేవాళ్లు, పేరు అలాగే ఉండిపోయింది. పేరుని నమ్మి చాలామంది ఇక్కడ జారిపడ్డారు.

ఇప్పుడు నాకు బాగా ఇష్టమైన సంగతి. హిందూపురం వైపు పట్టు రైతులు ఒక రోగాన్ని సున్నపుకట్టు రోగం అంటారు, పట్టుపురుగు చచ్చి గట్టిపడి సున్నం కొట్టినట్టు తెల్లగా అయిపోతుంది. ఇటలీలో అదే రోగాన్ని జనం కాల్చినో అనేవాళ్లు, అక్కడా సున్నం మాటలోంచే. ఫ్రెంచివాళ్లకేమో పంచదార పూత పెట్టిన మిఠాయిలా కనపడి మస్కార్డైన్ అన్నారు. దీనికి కారణం ఒక బూజు అని 1835లో ఇటలీలో అగస్టీనో బాస్సీ ప్రకటించాడు, పాతికేళ్ల పైన కష్టపడి, చూపు పోతున్నా వదలకుండా, రోగాలకి క్రిములు కారణమని చెప్పినవాడిగా పేరున్న పాశ్చర్ కన్నా ముందే. ఆయన పేరే బవేరియా బాసియానాలో ఉంది, దాన్నుంచి బాసియానోలైడ్‌లోకి వచ్చింది. అంటే మిరప చేలో మనం కొని తెచ్చుకుని కొట్టేది పట్టుపురుగుల షెడ్‌లో దరిద్రం తెచ్చిపెట్టిన ఆ రోగమే! మల్బరీ తోటల దగ్గర దీన్ని కొట్టకూడదని నీ వ్యాసంలో ఎక్కడా లేదు, అది ముందు చేర్చు. సున్నపుకట్టు అనే మాట చేరిస్తే అక్కడి రైతుకి ఒక్క ముక్కలో అర్థమైపోతుంది.

ఇంక చివరిది, నువ్వు పుస్తకాల్లోనే చూశావు, చేత్తో పట్టుకోలేదు. కోనసీమలో కొబ్బరికి కొమ్ము పురుగు వస్తుంది కదా, దాని పిల్లపురుగులు పేడ గుంటల్లో పెరుగుతాయి, అందుకని మెటరైజియంని ఆ గుంటల్లోనే కలుపుతారు. ఒకసారి అంబాజీపేట దగ్గర ఒకాయన పెంటపోగు తవ్వించి నాకు ఒకటి చూపించాడు. బొటనవేలంత లావు పురుగు, సుద్దముక్కలా గట్టిగా, కొసలో ఇంకా తెల్లగా ఉంది, మిగతా అంతా ఆకుపచ్చ పొడి. వేలితో రాస్తే పెసరపిండిలా అంటుకుంది. వాసన కూడా కుళ్లు వాసన కాదు, తడి మట్టి వాసన. ఆ పొడి అంతా సిద్ధబీజాలే, ఆయన దాన్ని జాగ్రత్తగా పక్క గుంటలో విదిలించాడు, పాలల్లో తోడు వేస్తున్నట్టు. నేను "తోడు వేశారా" అంటే నవ్వి అవునండీ అన్నాడు.

వానలు పడ్డాక మీ అన్నయ్యని తీసుకుని రా, వెళ్దాం. ఆలోపు షాపులో ప్యాకెట్ చదివి మొదటి రెండు పేజీలు తిరగరాసి పంపు, మిగతావి ఆ గుంట చూశాక రాద్దువుగాని.

ఉంటా తల్లీ,
బాబాయ్